గోడ మీది చొక్కా

ఏడేళ్ళు మా నాన్న చొక్కా గోడకే వేలాడింది.
ఎడమ జేబు కింద మరక
మొదట ఎరుపు, తర్వాత ఇటుక రంగు,
ఆ తర్వాత పేరులేని రంగు.
అది పసుపుబారితే
చచ్చినవాడు పగ అడుగుతున్నట్టట.
అల్బేనియా ఉత్తరాన, మా కొండల్లో లెక్క అది.
అన్న కోలాకి అప్పుడు పదేళ్ళు.
రాత్రిళ్ళు వాడి మొహం చొక్కా వైపు తిప్పి
పడుకోబెట్టేవాడు ప్రెంగ్ బాబాయి.

పెళ్ళిళ్ళలో బాబాయికి కాఫీ
మోకాలి కిందనుంచి అందించేవారు.
పగ బాకీ ఉన్న ఇంటికి మర్యాద అంతే.
ఆ కప్పు ముట్టేవాడు కాదు.
ఇంటికొచ్చి తుపాకీ తుడిచేవాడు.

ఆదివారం చర్చిలో అమ్మ
రొట్టె దాకా అందరితో గొంతు కలిపేది.
అప్పుల మాట దగ్గర పెదాలు బిగించేది.
వాళ్ళంతా ఆమేన్ దగ్గరికి చేరాక
ఎలాగో వచ్చి కలిసేది.
ఆ ఒక్క వాక్యం, పొంగిన వాగు.
ఏడేళ్ళు ఒడ్డునే నిలబడింది.

ఈ మార్చిలో ఒక తెల్లవారుజామున
నీళ్ళ చప్పుడుకి మెలకువొచ్చింది.
గోడ మీద మేకు ఒక్కటే ఉంది.
పెరట్లో, మంచు కరిగిన నీళ్ళలో
అమ్మ చొక్కా ఉతుకుతోంది.
వేళ్ళు కందిపోయాయి.
"పోదమ్మా అది."
"తెలుసు."
కాసేపటికి తనే అంది:
"ఏ దూతా రాలేదే నాకు. కలా రాలేదు.
ఆయన చెప్పాల్సింది ఎప్పుడో చెప్పేశాడు.
నేనే వినబడనట్టు నటించాను."

గడప దాటి వెనక్కొచ్చింది, తలగుడ్డ కోసం.
మళ్ళీ దాటి మళ్ళీ వచ్చింది.
ఈసారి దేనికోసమూ కాదు.
బల్ల మీద కూర్చుని
చేతులు మోకాళ్ళ మధ్య ఇరికించుకుంది.
"భయమా?"
"కడుపులో చేప కొట్టుకుంటోంది."
"పోయేదాకా ఆగొచ్చుగా."
"అది పోయేదాకా ఆగితే
ముందు నేను పోతాను."

కోలా ఇంకా నిద్రలోనే,
మొహం ఖాళీ మేకు వైపు.

మొక్కజొన్న రొట్టె గుడ్డలో చుట్టి బయల్దేరింది.
నేను వెనక.
చెక్కల వంతెన, కింద నది ఉరుము.
అవతల వాళ్ళ రాతి ఇల్లు,
తుపాకీ గొట్టం పట్టేంత కిటికీలు.
వెనకనుంచి బాబాయి కేక,
నాన్న పేరు పెట్టి. అమ్మని కాదు, నాన్ననే పిలిచాడు.
అమ్మ తిరగలేదు. పెదాలు కదులుతున్నాయి.
ప్రార్థన అనుకుని దగ్గరికెళ్ళి విన్నాను.
నూట ఆరు. నూట ఏడు.
అడుగులు లెక్కపెడుతోంది.

తలుపు తీసింది ఒక ముసలామె.
రాత్రంతా కూడబలుక్కున్న మాటలు
ఒక్కటీ రాలేదు అమ్మకి.
రొట్టె చాచి,
"ఉప్పు వెయ్యడం మర్చిపోయాను" అంది.

ముసలామె వెనక చీకట్లో జెఫ్.
వాళ్ళ నాన్న కాల్చిన రోజున వాడికి పదకొండు.
ఆ తర్వాత గడప దాటలేదు.
నేలమాళిగలో మొలకేసిన
బంగాళాదుంప రంగులో ఉన్నాడు.
"బయటికి రా నాన్నా" అంది అమ్మ.

ఆ పిలుపుకి నేను ఉలిక్కిపడ్డాను.
అమ్మ కూడా.

జెఫ్ ఒక కాలు గడప బయట పెట్టి
ఎదుటి కొండ వైపు చూశాడు.
అమ్మ జరిగి వాడికి అడ్డంగా నిలబడింది,
వీపు మా ఇంటి వైపు, బాబాయి వైపు.
లంగా అంచు వణుకుతోంది.
ఆ రోజు గాలి లేదు.

రెండో కాలికి చాలాసేపు పట్టింది.

బాబాయి మాతో మాట్లాడటం మానేశాడు.
మరక పూర్తిగా పోలేదు.
మొన్న ఆదివారం ఆ వాక్యాన్ని అమ్మ దాటింది,
శ్రుతి లేకుండా, అందరికంటే ఒక మాట వెనకగా.
పక్క వరసలో బాబాయి
పెదాలు బిగించి
ఇంకా ఒడ్డునే ఉన్నాడు.